గోడ బయటి తిరగలి

నేను ఒక తిరగలిని. మీ అమ్మమ్మలు కాళ్ళు చాపుకుని కందులు విసిరిన తిరగలిని కాదు, రోమన్ పటాలంలో కొలువు చేసిన తిరగలిని. ప్రస్తుతం ఒక చిన్న ఊరి మ్యూజియంలో గాజు పెట్టెలో కూర్చున్నాను. నా ముందు అట్టముక్క మీద ‘గృహోపకరణం’ అని రాసి పెట్టారు. అది చదివినవాళ్ళు ఆవులిస్తూ పక్కనున్న కత్తి దగ్గరికి పోతారు. ఆ కత్తి ఒక్కనాడైనా ఒర దాటిందో లేదో నాకు అనుమానమే. నేను తిరగని రోజున కత్తి పట్టుకునే చెయ్యి లేచేది కాదు. ఈ సంగతి ఆ చీటీ రాసిన పెద్దమనిషికి ఎవరైనా చెబితే బాగుండును.

రైన్ నది పక్కన, ఎప్పుడో నిప్పు కక్కి చల్లారిన కొండ ఒకటి ఉంది. ఆ కొండరాయి నల్లగా, ఒళ్ళంతా చిన్న చిన్న చిల్లులతో ఉంటుంది. అరిగిన కొద్దీ కొత్త చిల్లులు బయటపడతాయి కాబట్టి దాని గరుకుదనం పోదు. అందుకని పటాలానికి తిరగళ్ళు కావాలంటే ఆ కొండకే వచ్చేవారు. నన్ను చెక్కినవాడికి ఒక కన్ను లేదు. రాతిచెక్క ఎగిరి పోయిందట. ఉన్న ఒక్క కన్నూ దగ్గరగా పెట్టి, నడుమ కన్నం తొలిచి, పక్కన పిడికి చోటు చేసి, పని అయ్యాక అరచేత్తో నన్ను ఒక్క చరుపు చరిచి బండిలో పడేశాడు.

లోకాన్ని గెలిచిందెవరని అడిగితే మీరు చక్రవర్తుల పేర్లు చెబుతారు. నన్నడిగితే కంచరగాడిద పేరు చెబుతాను. పటాలంలో గుడారానికి ఎనిమిది మంది, ఆ ఎనిమిది మందికీ ఒక కంచరగాడిద, దాని వీపు మీద ఒక తిరగలి. మూడు దేశాల రాజుల్ని గడగడలాడించిన వీరుడు తెల్లవారగానే నేల మీద చతికిలబడి, తన వంతు గోధుమలు తానే విసురుకుని, తన రొట్టె తానే కాల్చుకునేవాడు. ఇంటి దగ్గర ఆ పని ఆడవాళ్ళదని అందరికీ తెలుసు. ఇక్కడ మాత్రం ఎవరూ ఎవరినీ వెక్కిరించలేదు, ఎందుకంటే తర్వాత వంతు తనదే.

వాళ్ళ శిక్షలు కూడా నా ద్వారానే నడిచేవి. యుద్ధంలో నిలబడాల్సిన చోటు వదిలి పారిపోయిన వాళ్ళకి గోధుమలు ఆపేసి యవలు పోసేవారు. మీరిప్పుడు బార్లీ అంటారే, అవే. గుర్రాలు తినే గింజ. గుడారం కూడా కోట గోడ లోపల కాకుండా బయట వేసుకోవాలి. కొరడా దెబ్బలు వారం రోజుల్లో మానిపోతాయి. యవల రొట్టె అలా కాదు, పూటపూటా నోట్లో అడుగుతుంది, ఎందుకు పారిపోయావని. శిక్ష వేసిన దండనాయకుడు ఇక చాలు అనేదాకా అంతే.

నా పడుచు రోజుల్లో పడవల వంతెనల మీద నదులు దాటాను. గెలిచిన ఊళ్ళ గోధుమలు విసిరాను. ఆ సంబరమంతా చెప్పుకుంటూ కూర్చోను. పెరుగుట విరుగుట కొరకే అని మీవాళ్ళు ఒక్క ముక్కలో తేల్చేశారు. రోమన్లకి గెలవడానికి ఇంకేమీ మిగలనప్పుడు ఒకరినొకరు గెలవడం మొదలుపెట్టారు. ఒక్కో పటాలం ఒక్కో చక్రవర్తిని తయారుచేసేది. వాడిని ఇంకో పటాలం చంపేది. పిట్టపోరు పిట్టపోరు పిల్లి తీర్చిందన్నట్టు, వీళ్ళ పోరు తీర్చడానికి సరిహద్దు నదికి ఆవలి ఒడ్డున జనం చూస్తూ కూర్చున్నారు. అప్పటికి నేను అరిగి పలచబడ్డాను. డాన్యూబ్ నది ఒడ్డున ఒక కోటలో నన్ను గుమ్మం ముందు మెట్టుగా వేశారు. వందేళ్ళకు పైగా నన్ను తొక్కుకుంటూ తిరిగారు.

తర్వాత దారులు మూతబడ్డాయి. కొత్త తిరగళ్ళు రావడం మానేశాయి. దక్షిణాన రాజధానిలో ఊరేగింపులు మాత్రం ఏమీ తగ్గలేదట. ఇంట్లో ఈగల మోత, వీధిలో పల్లకీల మోత. చివరికి ఆ కోటవాళ్ళు మెట్టు తవ్వి నన్ను పైకి తీసి, తొక్కుడుకి నునుపెక్కిన నా ముఖానికి గంట్లు కొట్టించి, ఎక్కడో దొరికిన కింది రాయి ఒకటి జత చేసి, ఒక ఎనిమిది మంది గుడారానికి ఇచ్చారు. ఆ రాయికీ నాకూ సరిగ్గా పొసగలేదు. ముసలితనంలో పెళ్ళి అంతే. ఆ ఎనిమిది మందిలో అందరికంటే చిన్నవాడు సిల్వినస్. నా కథంటే ఇక నుంచి అతని కథే.

సిల్వినస్‌కి అప్పుడు ఇరవై రెండేళ్ళు. చామనచాయ, సన్నటి మనిషి, మాట తక్కువ. అదే గుడారంలో అతని చెలికాడు దాసియస్, పదేళ్ళు పెద్దవాడు, నోరు మూత పడని మనిషి, తిండి ప్రియుడు. ఆ చలికాలం నది గడ్డకట్టింది. కోటకి క్రోసు దూరంలో ఒడ్డున ఒక కాపలా బురుజు ఉంటే ఈ ఎనిమిది మందినీ దాని మీద పెట్టారు. ఆవలి ఒడ్డువాళ్ళు మంచు మీద నడిచి వస్తే బురుజు మీద మంట వెయ్యాలి. ఆ పొగ చూసి కోటలోంచి పటాలం వస్తుంది. అంతే వాళ్ళ పని.

ఒక పొగమంచు ఉదయాన వాళ్ళు నిజంగానే వచ్చారు. మంచులోంచి ముందు మాటలు వినిపించాయి, తర్వాత గుర్రాల చప్పుడు. మంట వెయ్యాల్సిన వంతు సిల్వినస్‌ది. అతను చేతిలో కాగడా కింద పడేసి నిచ్చెన దిగి పరిగెత్తాడు. ఒకడు పరిగెత్తితే మిగతావాళ్ళ కాళ్ళు ఆగవు. ఎనిమిది మందీ కోటకి చేరేసరికి బురుజు వెనక పల్లె అంటుకుంది. ముప్పై గడపల ఊరు. కోటవాళ్ళు ఎదురుచూసిన పొగ చివరికి ఆ పల్లె ఇళ్ళలోంచే లేచింది.

దండనాయకుడు పాతకాలపు మనిషి. ఎనిమిది మందినీ వరసగా నిలబెట్టి చెప్పాడు. “మీ ప్రాణాలు తియ్యను, అసలే మనుషులు తక్కువ. ఇవాల్టి నుంచి మీకు యవలే. గుడారం గోడ బయట. నేను చెప్పేదాకా గేటు దాటి లోపలికి అడుగు పెట్టొద్దు.”

రెండు నెలలు తిరగకుండా ఇటలీ నుంచి కబురొచ్చింది. అక్కడ ఇద్దరు చక్రవర్తులయ్యారు, ఇద్దరికీ సైన్యం కావాలి. దండనాయకుడు గట్టివాళ్ళందరినీ వెంటబెట్టుకుని బయలుదేరాడు. గేటు దగ్గర దాసియస్ గుర్రానికి అడ్డం నిలబడ్డాడు.

“దొరా, మరి మా సంగతి?”

“వచ్చాక చూద్దాం” అన్నాడాయన, గుర్రం ఆపకుండానే.

మనుషులు ఈ మాట ఎంత సులువుగా అంటారో నేను చాలాసార్లు విన్నాను. ఆయన రాలేదు. ఏ యుద్ధంలో, ఎవరి పక్షాన పోయాడో కూడా తెలియలేదు. కోటలో మిగిలిన వయసు మళ్ళిన సైనికుల్ని అడిగితే శిక్ష ఎత్తేసే అధికారం తమకి లేదన్నారు. రెండేళ్ళకి వాళ్ళకి జీతం ఆగిపోయింది. ఒక్కొక్కరే ఆయుధాలు గోడకి ఆనించి పొలాల్లోకి వెళ్ళిపోయారు. స్నానశాల కప్పు కూలింది. ఆఖరుకి గుడి పూజారి కూడా దీపపు కుందులు గోనెసంచిలో వేసుకుని దక్షిణానికి నడిచాడు. కోట ఖాళీ అయింది, లోపల పిచ్చుకలు తప్ప ఎవరూ లేరు. గోడ బయట మాత్రం ఎనిమిది మంది శిక్ష అనుభవిస్తున్నారు.

ఇద్దరు మూడో చలికాలంలో జ్వరంతో పోయారు. ఒకడు పల్లెపిల్లని చేసుకుని అటే వెళ్ళాడు. ముగ్గురు, ఇటలీ వెళ్ళి దండనాయకుణ్ణి వెతికి పట్టుకుని శిక్ష రద్దు చేయించుకొస్తాం, కోతల వేళకి తిరిగొస్తాం అని బయలుదేరారు. ఎన్ని కోతలు అయినా వాళ్ళు రాలేదు. సిల్వినస్, దాసియస్ మిగిలారు. గుడారం చిరిగిపోతే మట్టి గుడిసె వేసుకున్నారు. తిండికి గుడిసె చుట్టూ పొలం దున్నారు. నల్లటి మంచి నేల, గోధుమ వేస్తే విరగపండేది. సిల్వినస్ అందులో యవలు చల్లాడు.

ఇలాంటి పని రోమన్ సైనికుడు తప్ప ఇంకెవరూ చెయ్యరు. శిక్ష వేసినవాడు లేడు, చూసేవాడు లేడు, ఆ రాజ్యం కూడా దాదాపు లేదు. అయినా యవలు విత్తి, యవలు కోసి, యవలు నా నోట్లో పోసి విసురుకున్నారు. నాకు మొదట్లో కోపం వచ్చేది. తర్వాత ఆ చెయ్యి పిడి పట్టుకునే తీరు తెలిశాక కోపం పోయింది. సిల్వినస్ విసిరేటప్పుడు ఎప్పుడూ పల్లె వైపు వీపు పెట్టి కూర్చునేవాడు. కాలిన ఇళ్ళు తిరిగి కట్టుకున్నారు కానీ, అతను మాత్రం ఆ వైపు చూసేవాడు కాదు.

దాసియస్‌కి ఈ నిష్ఠ లేదు. తిండి దగ్గర అసలు లేదు. ఒకసారి సిల్వినస్ నీళ్ళకి వెళ్ళినప్పుడు మడతగుడ్డలోంచి గుప్పెడు గోధుమలు తీసి నా కన్నంలో పోశాడు. గోధుమ నాలో మెత్తగా తిరుగుతుంది, యవల పొట్టు గరగరలాడుతుంది. కుండతో వస్తున్న సిల్వినస్ గుమ్మంలోనే ఆగిపోయాడు.

“ఏం పోశావన్నా?”

“యవలే.”

“ఇది యవల చప్పుడు కాదు.”

దాసియస్ పిడి వదిలేశాడు. “నాలుగు గింజలురా. సంతలో ఒకడు చేతిలో పెట్టాడు. ఇక్కడ మనల్ని చూడొచ్చేవాడు ఎవడు చెప్పు? ఆ గేటు తెరిచే ఉంది. లోపల మంచి రాతిగదులు ఖాళీగా పడున్నాయి. మనం ఇక్కడ బురదలో చలికి చస్తున్నాం.”

“పల్లెవాళ్ళు చూస్తున్నారు కదా” అన్నాడు సిల్వినస్.

సిల్వినస్ నన్ను ఎత్తి పక్కన పెట్టి, నలిగీ నలగని గింజలన్నీ చీపురుతో ఊడ్చి బయట పిట్టలకి వేశాడు. గాలికి కోట గేటు తెరుచుకుని ఉంటే వెళ్ళి బయటి నుంచే దగ్గరికి లాగి వచ్చాడు. ఆ పని రోజూ ఉండేది.

దాసియస్‌కి అరవై దాటాక ఒక వానాకాలం దగ్గు పట్టుకుని వదల్లేదు. గడ్డి పరుపు మీద పడుకుని, లోపలికి పోయిన కళ్ళతో ఒకటే అడిగాడు. “ఒరేయ్, ఒక్క ముక్క గోధుమ రొట్టె పెట్టరా. చచ్చేవాడికి శిక్షేమిటి?”

సిల్వినస్ లేచి బయటికి వెళ్ళి చాలాసేపు వానలో నిలబడ్డాడు. సంతకి వెళ్తే గోధుమలు దొరుకుతాయి. వెళ్ళలేదు. లోపలికొచ్చి యవల కుండే దించాడు. ఒకసారి విసిరి, పొట్టు చెరిగి, మళ్ళీ విసిరి, గుడ్డలో జల్లెడ పట్టి, ఆ మెత్తటి పిండిని మూడోసారి నా కన్నంలో పోశాడు. మూడుసార్లు విసిరిన పిండి తెల్లగా, చూడ్డానికి గోధుమపిండిలాగే వచ్చింది. రొట్టె కాల్చి, ముక్క తుంచి దాసియస్ నోట్లో పెట్టాడు.

“గోధుమదే అన్నా.”

దాసియస్ నెమ్మదిగా నమిలాడు. ముప్పై ఏళ్ళు యవలు తిన్న నోరు అది, దాన్ని మోసం చెయ్యడం ఎవరి తరం? “గోధుమదే” అన్నాడు. “భలే ఉందిరా.”

అప్పుడు సిల్వినస్ ఏడ్చాడు. నేను చూడటం అదే మొదలు. “అన్నా, ఆ రోజు బురుజు మీద ముందు పరిగెత్తింది నేను. మంట వెయ్యాల్సింది నేనే. మీ అందరి నోట్లో మట్టి కొట్టాను.”

“తెలుసులేరా. అందరికీ తెలుసు” అన్నాడు దాసియస్. “నువ్వు ఆగి మంట వేసినా మేం ఆగేవాళ్ళం కాదు. నిన్ను చూసి పరిగెత్తామా ఏంటి, వాళ్ళని చూసి పరిగెత్తాం.” నోరు తెరిచి, “ఇంకో ముక్క పెట్టు” అన్నాడు. మర్నాడు మధ్యాహ్నం పోయాడు. సిల్వినస్ గోడకి ఆనుకుని, బయటి వైపునే గొయ్యి తీశాడు.

ఆ తర్వాత నాలుగేళ్ళు సిల్వినస్ ఒక్కడే. అతనికి ఇంకేమీ అక్కర్లేదు. ఎవరైనా అధికారం ఉన్నవాడు వచ్చి, శిక్ష అయిపోయింది, లోపలికి రా అనాలి. చావు ఆ మాటకంటే ముందు వస్తుందేమోనన్నదే అతని భయం. రోజూ పొద్దున్న విసరడం అయ్యాక దక్షిణపు బాట వైపు చూసేవాడు. ఆ బాట మీద గడ్డి మోకాలెత్తు పెరిగింది.

వచ్చినవాళ్ళు దక్షిణం నుంచి రాలేదు. ఒక వేసవిలో ఆవలి ఒడ్డువాళ్ళు తెప్పల మీద నది దాటారు. ఈసారి కత్తులు దూయలేదు. బళ్ళు, ఆవులు, ఆడవాళ్ళు, కోళ్ళగంపలతో తీరిగ్గా వచ్చారు. ఎదురు నిలిచేవాడు లేని కోటని గెలవడానికి కత్తి ఎందుకు? వాళ్ళ నాయకుడు వాల్దరిక్, ఎడమ చేతికి రెండు వేళ్ళు లేని భారీ మనిషి. కుర్రతనంలో పదేళ్ళు రోమన్ పటాలంలో కూలిసైనికుడిగా పనిచేశాడు. అందుకని ఆ భాష బండబండగా వచ్చు.

గోడ బయట గుడిసె ముందు యవలు విసురుకుంటున్న ముసలివాణ్ణి చూసి వాల్దరిక్ ఆగాడు. “తాతా, ఇక్కడెందుకున్నావ్? లోపలికి రా. నిన్నెవరూ ఏమీ చెయ్యరు.”

“నాకు లోపలికి ఆజ్ఞ లేదు దొరా” అన్నాడు సిల్వినస్, పిడి ఆపకుండా.

వాల్దరిక్ నవ్వబోయాడు. అంతలో నేల మీది పిండి కనిపించింది. వంగి చిటికెడు తీసి వేళ్ళ మధ్య నలిపాడు. పొట్టు గరుకు తగిలింది. గోడ బయట గుడారం, నోట్లో యవలు. ఈ శిక్ష సంగతి అతనికి ఎవరూ చెప్పనక్కర్లేదు. “ఎన్నాళ్ళయింది?” అని అడిగాడు.

“ముప్పై అయిదు చలికాలాలు.”

ఏ నది దాటి, ఏ పల్లె తగలబెడితే ఈ శిక్ష పడిందో వాల్దరిక్ అడగలేదు. అతని తండ్రి ఆ గుంపులో ఉండే ఉంటాడు. వేళ్ళకంటిన పిండి దులుపుకుని వెళ్ళిపోయాడు.

మర్నాడు ఉదయం మళ్ళీ వచ్చాడు. ఈసారి నడుముకి కంచు కట్టుతో పాత పటాలపు పటకా బిగించుకున్నాడు. పొట్ట పెరిగింది కాబట్టి అది చివరి కన్నానికి గాని అందలేదు. వెనక పన్నెండు మందిని వరసగా నిలబెట్టాడు. వాళ్ళకిదంతా వేళాకోళంగా ఉంది. అతనికి లేదు. గుర్తున్నంత మటుకు పటాలపు గొంతుతో చెప్పాడు. “ఈ గుడారం వాళ్ళ శిక్ష అయిపోయింది. ఇవాల్టి నుంచి గోధుమలు. లోపలికి రావచ్చు.”

సిల్వినస్ లేచి నిలబడ్డాడు. “ఆ మాట చెప్పే అధికారం మీకు ఎవరిచ్చారు దొరా?”

“ఈ కోటకి ఇప్పుడు దండనాయకుణ్ణి నేనే. ఇంకెవడైనా ఉంటే చూపించు.”

సిల్వినస్ దక్షిణపు బాట వైపు చూశాడు. గడ్డి గాలికి ఊగుతోంది. తర్వాత వీపు నిటారుగా పెట్టి, ఇటు తిరిగాడు.

“మిగతా ఏడుగురికి కూడానా?”

“ఎనిమిది మందికీ.”

ఎవరి వల్ల ఆ శిక్ష పడిందో వాళ్ళ చేత్తోనే అది తీరింది. ఇందులో నవ్వు ఉందని నాకు తెలుసు. ఆ పూట నాకు నవ్వు రాలేదు.

వాల్దరిక్ తల్లి తమ బండిలోంచి చేటెడు గోధుమలు తెచ్చింది. సిల్వినస్ తన చేత్తోనే నన్ను శుభ్రంగా కడిగి, ముప్పై అయిదేళ్ళ తర్వాత గోధుమలు పోశాడు. ఆ చేతికి శ్రమ లేకుండా నేనే తేలిగ్గా తిరగడానికి చూశాను. పిండి చేటలో పోశాక ఇద్దరు మనుషులు నన్ను గేటు దాటించి కోట ముంగిట్లో పెట్టారు. సిల్వినస్ నా వెనకే గేటు దాటాడు. దాటి, వాల్దరిక్ ముందు నిలబడి, “నా కాపలా ఎక్కడ దొరా?” అన్నాడు.

వాల్దరిక్ తెల్లబోయాడు. “నీ ఇష్టం. ఎక్కడైనా నిలబడు.”

సిల్వినస్ కర్ర చేత పుచ్చుకుని, ఆగి ఆగి మెట్లెక్కి, నది వైపు గోడ మీద నిలబడ్డాడు. మొహం ఆవలి ఒడ్డుకి. ఆ ఒడ్డువాళ్ళందరూ అతని వెనక, ముంగిట్లో, పొయ్యిలు వెలిగించుకుంటున్నారు.

వాల్దరిక్ తల్లి వేడి రొట్టె తీసుకుని పైకెళ్ళింది. “కాపలాలో ఉండగా తినకూడదమ్మా” అన్నాడు సిల్వినస్. “మార్చేవాడు వచ్చాక తింటాను.” ఆమెకి భాష రాదు. రొట్టె గోడ మీద పెట్టి దిగిపోయింది.

వాల్దరిక్ పశువుల్ని దాటించే పనిలో నది దగ్గరికి వెళ్ళి పొద్దు వాలే వేళకి వచ్చాడు. ముసలాయన దిగలేదు, తినలేదు అని తల్లి చెప్పింది. అతను నుదురు కొట్టుకున్నాడు. పటాలంలో పదేళ్ళు చేసినవాడు, కాపలా పెట్టినవాడే కాపలా మార్చాలని మరిచిపోయాడు. గబగబా మెట్లెక్కాడు.

“తాతా, నీ వంతు అయింది. దిగు.”

సిల్వినస్ గోడకి ఆనుకుని నిలబడే ఉన్నాడు, కర్ర చేతిలోనే ఉంది. వాల్దరిక్ అతని భుజం మీద చెయ్యి వేసి, ఆ చెయ్యి కొంచెంసేపు అలాగే ఉంచాడు. తర్వాత కర్ర మెల్లగా విడిపించుకుని, ఆయన్ని గోడ పక్కన పడుకోబెట్టి, ఆ చోట తాను నిలబడ్డాడు. తన ఒడ్డు వైపు తానే కాపలా కాస్తూ పొద్దు గుంకేదాకా కదల్లేదు. కింద అతని మనుషులు ఒకరి మొహాలు ఒకరు చూసుకున్నారు.

మర్నాడు సిల్వినస్‌ని గోడ లోపలే పాతిపెట్టారు. చల్లారిపోయిన రొట్టెని వాల్దరిక్ ఆయన చేతిలో పెట్టాడు. అది గోధుమ రొట్టె. విసిరింది నేను కాబట్టి నాకు తెలుసు.